గుర్తులు మార్చమనడమే కాదు, ఎందుకు మారతాయో చెప్పాలి

గౌరవనీయులైన సంపాదకుల వారికి నమస్కారం.

గత వారం మీ పత్రిక విద్యా పుటలో ఏడో తరగతి విద్యార్థుల కోసం బీజీయ సమాసాల (అక్షరాలూ అంకెలూ కలిసిన గణిత రూపాల) పాఠం ప్రచురించారు. సజాతి పదాల, అంటే ఒకే అక్షరం ఒకే ఘాతంతో ఉన్న పదాల, కూడికను చక్కగా వివరించిన ఆ పాఠం, తీసివేత దగ్గరకు వచ్చేసరికి “రెండో సమాసంలోని గుర్తులన్నీ మార్చి కలపండి” అన్న ఒకే వాక్యంతో ముగిసిపోయింది. ఆ వాక్యంలో తప్పు లేదు. ఏ పాఠ్యపుస్తకమైనా చివరికి చెప్పేది అదే. అయితే 31 ఏళ్లు ఉన్నత పాఠశాలల్లో గణితం బోధించి, పదవీ విరమణ తర్వాత కూడా సాయంత్రం పూట మా వీధి పిల్లలకు లెక్కలు చెబుతున్నవాణ్ని కాబట్టి, సరిగ్గా ఆ ఒక్క వాక్యం దగ్గరే ఎంతమంది పిల్లలు ఆగిపోతారో నేను కళ్లారా చూశాను. అందుకే ఈ ఉత్తరం కొంత దీర్ఘంగా రాస్తున్నాను. దయచేసి ఓపికతో చదవగలరు.

ముందుగా ఒక మనవి. ఇందులోని లెక్కలకు ఇంగ్లీషు అక్షరాలకు బదులు య, క అనే తెలుగు అక్షరాలు వాడుతున్నాను. ఇది నా సొంత కల్పన కాదు. 1150లో భాస్కరాచార్యుడు బీజగణితం అనే గ్రంథం రాసేనాటికే మన గణితజ్ఞులు తెలియని రాశిని యావత్తావత్ అనీ, రెండోదాన్ని కాలకమనీ, మూడోదాన్ని నీలకమనీ పిలిచి, ఆ పేర్ల మొదటి అక్షరాలతోనే లెక్క నడిపించేవారు. పిల్లలు బడిలో ఎక్స్, వై అని రాసుకునేవే ఇక్కడ య, క అనుకుంటే సరిపోతుంది.

మా ఇంటికి వచ్చే పిల్లల్లో ఏడో తరగతి చదివే ఒక అమ్మాయి ఉంది. ఇరవయ్యో ఎక్కం దాకా తడుముకోకుండా అప్పజెబుతుంది, భిన్నాలంటే భయం లేదు, దస్తూరి ముత్యాల్లా ఉంటుంది. మొన్న ఆ అమ్మాయికి 8య² − 3య + 5 నుండి 3య² − 7య + 2 ను తీసివేయమని లెక్క ఇచ్చాను. తను నోటుపుస్తకంలో మొదటి వరుసగా 8య² − 3య + 5 − 3య² − 7య + 2 అని రాసింది. తర్వాత వర్గపదాలను ఒకచోట, య పదాలను ఒకచోట, అంకెలను ఒకచోట చేర్చి, 5య² − 10య + 7 అని జవాబు తేల్చి, కింద రెండు గీతలు గీసి, పుస్తకం నా ముందు పెట్టింది.

అది తప్పు జవాబు. సరైన జవాబు 5య² + 4య + 3. కానీ అయ్యా, రెండో వరుస నుంచి ఆ అమ్మాయి చేసిన పనిలో ఒక్క పొరపాటు కూడా లేదు. సజాతి పదాలను గుర్తుపట్టింది, మైనస్ 3, మైనస్ 7 కలిసి మైనస్ 10 అవుతాయని తెలుసు, 5, 2 కలిసి 7 అనీ తెలుసు. పొరపాటంతా మొదటి వరుసలోనే ఉంది. “గుర్తులు మార్చావా అమ్మా?” అని అడిగాను. “మార్చాను మాస్టారూ, ఇదిగో” అంటూ 3య² ముందున్న మైనస్ మీద వేలు పెట్టింది. ఆ అమ్మాయి దృష్టిలో తను మాట తప్పలేదు. అంతకుముందు గుర్తు లేకుండా ఉన్న 3య² కు ఇప్పుడు మైనస్ వచ్చింది, కాబట్టి గుర్తు మారింది. రెండు సమాసాల మధ్య ఉండవలసిన తీసివేత గుర్తు, రెండో సమాసపు మొదటి పదానికి అంటుకుపోయింది. వెనకున్న −7య, +2 లకు ఆ గుర్తుతో సంబంధం ఉందన్న సంగతి తనకెవరూ చెప్పలేదు.

ఇలాంటి తప్పును చూసి “అజాగ్రత్త” అని ఎర్ర సిరాతో రాయడం మనకు అలవాటు. నేనూ ఉద్యోగంలో చేరిన తొలి సంవత్సరాల్లో అలాగే రాశాను, అందుకు ఇప్పటికీ బాధపడుతుంటాను. ఒకే తరగతిలో పాతికమంది ఒకే చోట ఒకే విధంగా తప్పు చేస్తుంటే దాన్ని అజాగ్రత్త అనడం న్యాయం కాదు. మనం చెప్పిన పద్ధతిలోనే ఏదో వెలితి ఉందని అర్థం. ఆ వెలితి పేరు కుండలీకరణం, పిల్లల భాషలో బ్రాకెట్టు. (8య² − 3య + 5) − (3య² − 7య + 2) అన్న వరుస ఒకటి రాయకుండా పిల్లలు నేరుగా విప్పిన వరుసకు దూకుతున్నారు. చోటు కలిసొస్తుందనో, సమయం మిగులుతుందనో మనమే నల్లబల్ల మీద ఆ వరుసను ఎగరగొడుతున్నాం. రెండో సమాసం మూడు పదాల గుంపే అయినా, తీసివేసేటప్పుడు అది ఒకే వస్తువు, మూటగట్టిన మూట. ఆ మూటను కళ్లకు చూపించేది బ్రాకెట్టు ఒక్కటే.

ఆ సాయంత్రం ఆ అమ్మాయితో బీజగణితం పక్కనపెట్టి కొట్టు లెక్క మాట్లాడాను. “అమ్మ 500 రూపాయలిచ్చి కొట్టుకు పంపింది. 120 రూపాయల సరుకు తీసుకున్నావు. ఇంటికొచ్చాక అందులో 30 రూపాయల సబ్బు వద్దంటే వెనక్కి ఇచ్చేశావు. నీ చేతిలో ఎంత ఉండాలి?” అన్నాను. క్షణం ఆలోచించకుండా “410” అంది. దాన్నే 500 − (120 − 30) అని రాయించి, ఇందాకటి లెక్కలా బ్రాకెట్టు లేకుండా రాస్తే ఎంత వస్తుందో చేయమన్నాను. 500 − 120 − 30 అని రాసి 350 తేల్చింది. రాసిందాన్ని కాసేపు చూసి, “60 రూపాయలు ఎక్కడికి పోయాయి మాస్టారూ?” అని అడిగింది. వెనక్కి వచ్చిన 30 రూపాయలను చేతిలో కలుపుకోవలసింది పోయి, మళ్లీ కొట్టువాడికే ఇచ్చేశావు, అందుకే 30 కి రెట్టింపు తేడా వచ్చిందని చెప్పాను.

ఉపాధ్యాయ మిత్రులకు ఈ రెట్టింపు సంగతి పనికొస్తుంది. ఆ అమ్మాయి మొదటి జవాబులో య గుణకం, అంటే య ముందున్న సంఖ్య, −10, ఉండవలసింది 4. తేడా 14, అంటే 7 కు రెట్టింపు. అక్షరం లేని స్థిరపదం 7, ఉండవలసింది 3. తేడా 4, అంటే 2 కు రెట్టింపు. పిల్లవాడి జవాబుకూ సరైన జవాబుకూ మధ్య తేడా రెండో సమాసంలోని గుణకానికి సరిగ్గా రెట్టింపు ఉంటే, అతనికి సజాతి పదాల మీద పట్టు ఉందనీ, బ్రాకెట్టు ఒక్కటే జారిపోయిందనీ నిశ్చయంగా చెప్పవచ్చు. అలాంటి పిల్లవాడిచేత మొత్తం పాఠం తిరిగి చదివించడం వృథా శ్రమ.

ఇక గుర్తు ఎందుకు మారుతుందన్న అసలు ప్రశ్న. దీనికి జవాబు మన భాషలోనే సిద్ధంగా ఉంది. మైనస్ సంఖ్యను మనం ఋణ సంఖ్య అంటాం. ఋణం అంటే అప్పు. 628లో బ్రహ్మగుప్తుడు రాసిన బ్రాహ్మస్ఫుటసిద్ధాంతంలోని పద్దెనిమిదో అధ్యాయంలో ధనం, ఋణం, శూన్యం అనే మూడింటికీ కూడిక, తీసివేత నియమాలు స్పష్టంగా ఉన్నాయి. శూన్యం నుండి ఋణాన్ని తీసివేస్తే ధనమవుతుంది, ధనాన్ని తీసివేస్తే ఋణమవుతుంది. మన రైతు కుటుంబాల పిల్లలకు ఇంతకంటే దగ్గరి మాట ఉండదు. ఒక రైతు దగ్గర 80,000 రూపాయల పంట డబ్బు ఉంది, బ్యాంకులో 50,000 రూపాయల అప్పు ఉంది. లెక్కకు అతని సొంతం 30,000 మాత్రమే. ఆ అప్పు మాఫీ అయింది, అంటే అతని ఖాతా నుండి −50,000 ను తీసివేశారు. ఇప్పుడతని సొంతం 80,000. కొత్తగా ఎవరూ చేతికి డబ్బు ఇవ్వలేదు, అయినా 50,000 పెరిగింది. 30,000 − (−50,000) = 80,000 అని బల్ల మీద రాసినప్పుడు, మైనస్ మైనస్ ప్లస్ అన్న పాట నేర్పకుండానే వెనక బెంచీ పిల్లలు సైతం తలలూపడం నేను ఎన్నోసార్లు చూశాను. −7య ను తీసివేయడమంటే 7య అప్పును కొట్టివేయడమే, అందుకే అది +7య అవుతుంది.

భాస్కరాచార్యుడు ఇదే విషయాన్ని ఇంకా క్లుప్తంగా చెప్పాడు. తీసివేయబోయే ధనం ఋణమవుతుంది, ఋణం ధనమవుతుంది, ఆపైన మామూలు కూడికే అని ఆయన నియమం. అంటే “గుర్తు మార్చి కలపండి” అన్న మాటకు దాదాపు తొమ్మిది వందల ఏళ్ల వయసుంది. అయితే ఆనాటి రాతలో ఒక సౌకర్యం ఉండేది. ఋణరాశిని చూపడానికి అంకె పైన చుక్క పెట్టేవారు. ఆ చుక్క ఆ అంకెదే తప్ప, తీసివేత అనే పనికి గుర్తు కాదు. ప్లస్, మైనస్ గుర్తులు అచ్చులో మొదట కనిపించింది 1489లో, జర్మనీలోని లైప్‌జిగ్‌లో యోహాన్ విడ్‌మన్ ప్రచురించిన వ్యాపార గణితంలో. ఈ రోజు మన పిల్లలు రాసే అడ్డగీత రెండు పనులు చేస్తోంది. ఒకచోట తీసివేయమని ఆజ్ఞ ఇస్తుంది, మరొకచోట ఈ పదం ఋణమని చెబుతుంది. రెండూ ఒకే గీత కావడం వల్లనే మా వీధి అమ్మాయి ఆజ్ఞను తీసుకెళ్లి మొదటి పదానికి గుర్తుగా తగిలించింది. ఈ తేడా నోటితో చదివేటప్పుడైనా వినిపించాలని నా కోరిక. 8 − (−3) అన్నదాన్ని “ఎనిమిది మైనస్ మైనస్ మూడు” అని చదివించకుండా, “ఎనిమిది నుంచి ఋణ మూడును తీసివేయి” అని చదివిస్తే సగం చిక్కు అక్కడే విడిపోతుంది.

సజాతి పదాల విషయంలోనూ పాత మాటే ఆసరా. సమాన జాతి రాశులకే యోగం, అంతరం కుదురుతాయనీ, భిన్న జాతుల వాటిని విడివిడిగా ఉంచాలనీ భాస్కరుడు సూత్రం చెప్పాడు. మన పాఠ్యపుస్తకాల్లోని సజాతి, విజాతి అన్న మాటల్లో వినిపించేదీ అదే జాతి. కానీ ఆ జాతిని వివరించడానికి మనం ఎంచుకునే ఉదాహరణ పిల్లల్ని దారి తప్పిస్తోంది. 3 మామిడికాయలు, 2 అరటికాయలు కలపలేం కాబట్టి 3మ, 2అ కలపలేమని చెబుతాం. వినడానికి బాగుంటుంది, మొదటి రోజుకు పనికొస్తుంది కూడా. మర్నాడు మ² వచ్చినప్పుడు మామిడికాయను మామిడికాయతో గుణించడం ఏమిటో ఏ పిల్లవాడికీ అంతుపట్టదు. ఇక్కడ మ అంటే మామిడికాయ కాదు, మామిడికాయ ధర. అక్షరం ఎప్పుడూ ఒక సంఖ్యకు బదులుగా నిలబడుతుంది, వస్తువుకు కాదు. ఈ ఒక్క మాట మొదటి రోజే చెబితే ఆ తర్వాత చాలా శ్రమ తప్పుతుంది.

అక్షరం సంఖ్య అని తెలియకపోవడం వల్ల వచ్చే మరో తప్పు నాకు ఎప్పుడూ బాధ కలిగిస్తుంది. 8య నుండి య ను తీసివేయమంటే 8 అని రాస్తారు. తెలుగులో తీసివేయడమంటే అక్కడున్నదాన్ని అక్కడ లేకుండా చేయడం. 8య లోంచి య ను తీసేస్తే కంటికి 8 మిగులుతోంది. పిల్లవాడు మన మాటను అక్షరాలా పాటించాడు. య అంటే 1య అని రాయించే ఓపిక ఒక్క వారం పాటు ఉంటే, 8య − 1య = 7య అని తనంతట తనే రాస్తాడు. అలాగే 5య + 3 ను 8య చేసే పిల్లలు కూడా తెలివితక్కువవాళ్లు కారు. ఆరేళ్లపాటు ప్రతి లెక్కకూ చివర ఒక్క సంఖ్యే జవాబుగా రాసి అలవాటుపడ్డవాళ్లకు, మధ్యలో ప్లస్ గుర్తు ఉండిపోయిన జవాబు సగంలో ఆపేసిన లెక్కలా కనిపిస్తుంది. ఇంకా కలపవలసింది ఏదో మిగిలిపోయిందన్న భయంతో కలిపేస్తారు. ఇక్కడ ఆగడమే సరైనదని, ఇదే పూర్తి జవాబని, ఉపాధ్యాయుడు నోరు తెరిచి చెప్పాలి.

దీనికి నేను చాలా ఏళ్లుగా వాడుతున్న ఒక దారి ఉంది. పై లెక్కలో య స్థానంలో 10 పెట్టమంటాను. 8య² − 3య + 5 విలువ 800 − 30 + 5, అంటే 775. 3య² − 7య + 2 విలువ 300 − 70 + 2, అంటే 232. 775 నుండి 232 తీసివేస్తే 543. సరైన జవాబు 5య² + 4య + 3 ను పక్కన రాసి చూడమంటాను. 5, 4, 3. వందలు, పదులు, ఒకట్లు. రెండో తరగతిలో ఒకట్ల కింద ఒకట్లు, పదుల కింద పదులు రాసి తీసివేసినప్పుడు వాళ్లు చేసింది సజాతి పదాల తీసివేతేనని ఆ క్షణంలో తెలుస్తుంది. ఆ అమ్మాయి మొదటి జవాబు 5య² − 10య + 7 కు 10 పెడితే 407 వస్తుంది. 543 ఎక్కడ, 407 ఎక్కడ! తప్పు తనకే కనబడింది, నేను ఎర్ర సిరా ముట్టుకోవలసిన అవసరం రాలేదు.

సరిచూసుకోవడం గురించి చెబుతున్నాను కాబట్టి ఇంకొక జాగ్రత్త కూడా రాస్తాను. విలువ ప్రతిక్షేపించి సరిచూడమని మనం చెప్పినప్పుడు పిల్లలు సులువని 1 పెట్టేస్తారు. 1 పెడితే గుర్తుల తప్పు దొరుకుతుంది గానీ ఘాతాంకాల తప్పు దొరకదు, ఎందుకంటే 1 ఎన్నో ఘాతమైనా 1 గానే ఉంటుంది. 5య² + 4య ను 9య² అని రాసినవాడు 1 పెట్టి సరిచూసుకుంటే రెండువైపులా 9 వచ్చి తన తప్పే ఒప్పనుకుంటాడు. 0 పెడితే స్థిరపదం ఒక్కటే బతుకుతుంది. 2 పెడితే య², 2య రెండూ 4 అయిపోతాయి కాబట్టి ఆ రెండింటినీ తికమకపడినవాడు దొరకడు. అందుకే నేను 3 పెట్టమంటాను. పై లెక్కలో 3 పెడితే మొదటి సమాసం 68, రెండోది 8, తేడా 60. సరైన జవాబు 45 + 12 + 3, అదీ 60. ఆ అమ్మాయి మొదటి జవాబైతే 22 వస్తుంది. పరీక్షలో ఇలా సరిచూసి రాసిన ఒక్క వరుసకు అర మార్కు కేటాయించినా పిల్లలందరికీ ఆ అలవాటు వచ్చేస్తుందని నా నమ్మకం.

ఇప్పుడు భాష సంగతి. తెలుగు రాష్ట్రాలు రెండింటిలోనూ ప్రభుత్వ బడుల్లో ఇంగ్లీషు మాధ్యమం విస్తరించింది, ఒక పుటలో ఇంగ్లీషు, ఎదుటి పుటలో తెలుగు ఉండే ద్విభాషా పాఠ్యపుస్తకాలు పిల్లల చేతుల్లో ఉన్నాయి. ఆ ఏర్పాటు మంచిచెడ్డల జోలికి నేను పోవడం లేదు. తీసివేత లెక్కల్లో మాత్రం దానివల్ల ఒక చిక్కు వస్తోంది. “8య నుండి 3య ను తీసివేయండి” అని తెలుగులో చదివిన పిల్లవాడు చదివిన వరుసలోనే 8య − 3య అని రాస్తాడు, సరిపోతుంది. అదే లెక్కను ఇంగ్లీషులో “సబ్‌ట్రాక్ట్” అని మొదలుపెట్టి, ముందు 3య చెప్పి, “ఫ్రమ్” అన్న తర్వాత 8య చెబుతారు. చదివిన వరుసలోనే రాసే అలవాటున్న పిల్లవాడు 3య − 8య అని రాసి కూర్చుంటాడు. పెద్ద సమాసాలకు వచ్చేసరికి జవాబులో ప్రతి గుర్తూ తిరగబడుతుంది. 5య² + 4య + 3 రావలసిన చోట −5య² − 4య − 3 వస్తుంది. మూడు పదాలూ అంకెల్లో సరిగ్గా ఉండి గుర్తుల్లో మాత్రమే పూర్తిగా తారుమారైతే, ఆ పిల్లవాడికి బీజగణితం వచ్చు, ప్రశ్న చదవడం దగ్గరే తడబడ్డాడని గ్రహించాలి.

తెలుగులోనూ “3య ను 8య నుండి తీసివేయండి” అని అడగవచ్చు, ప్రశ్నపత్రాల్లో అడుగుతారు కూడా. మన విభక్తులు చేసే మేలేమిటంటే, మాటలు ఏ వరుసలో ఉన్నా “నుండి” దేనికి అంటుకుందో చూస్తే చాలు, అది ముందు రాయవలసింది. ఇంగ్లీషు మాధ్యమంలో చదివే పిల్లలకైనా ప్రశ్న చదవగానే దాన్ని నోటితో తెలుగులోకి మార్చుకుని, “నుండి” ఉన్న సమాసం కింద గీత గీయమని నేను చెబుతాను. “5య + 2 కు ఎంత కలిపితే 9య − 1 వస్తుంది?” అన్న రూపంలో వచ్చే లెక్కలకు ఈ గీత కూడా సాయపడదు. ప్రశ్నలో కలిపితే అని ఉంది కదా అని పిల్లలు కలిపేస్తారు. అందుకని “5 కు ఎంత కలిపితే 9 వస్తుంది?” అని ముందు వట్టి అంకెలతో అడిగి, అప్పుడు నువ్వు ఏం చేశావో ఇప్పుడూ అదే చేయి అనాలి. జవాబు 4య − 3 అని వాళ్లే రాస్తారు.

నిలువు వరుస పద్ధతి గురించి ఎక్కువ రాయను. అది మంచి పద్ధతే, అయితే ఏదైనా పదం లోపించినప్పుడు ఖాళీ వదలాలని గట్టిగా చెప్పాలి. 6య² + 9 నుండి 2య² − 5య ను తీసివేసేటప్పుడు −5య ను తీసుకెళ్లి 9 కింద కూర్చోబెడతారు. పై వరుసలో 0య అని రాయిస్తే జవాబు 4య² + 5య + 9 అని సాఫీగా వస్తుంది. కింద కొత్త గుర్తులు వేసిన తర్వాత పాత గుర్తులను కొట్టివేయించడం కూడా అవసరం. లేకపోతే సగం పదాలకు పాతదీ సగానికి కొత్తదీ వాడతారు.

ఏడో తరగతిలో పడిన ఈ వెలితిని ఎవరూ సరిచేయకపోతే అది పదో తరగతిలో బయటపడుతుంది. 2క, క + 10, 3క + 2 అంకశ్రేఢిలో ఉంటే క విలువ ఎంత అన్నది పదో తరగతిలో మామూలుగా ఇచ్చే లెక్క. వరుస పదాల భేదాలు సమానం కావాలి, కాబట్టి (క + 10) − 2క = (3క + 2) − (క + 10). ఎడమవైపు 10 − క, కుడివైపు 2క − 8, అందుచేత క = 6. పదాలు 12, 16, 20. బ్రాకెట్టు రాయని పిల్లవాడికి కుడివైపు 3క + 2 − క + 10, అంటే 2క + 12 వస్తుంది. అక్కడి నుంచి 3క = −2 అని తేలి, జవాబు భిన్నంలోకి పోయి, తనకు శ్రేఢులు రావని నిర్ణయానికి వచ్చేస్తాడు. సమీకరణాల జతను సాధించేటప్పుడూ ఇదే కథ. 5య + 3క = 19 నుండి 5య − 2క = 4 ను తీసివేస్తే 5క = 15 రావాలి, క = 3, య = 2. −2క గుర్తు మారలేదంటే క = 15 అని వస్తుంది. ఆ పిల్లలకు శ్రేఢులూ వచ్చు, సమీకరణాలూ వచ్చు. వాళ్లకు రానిదల్లా మూడేళ్ల కిందట ఒక మధ్యాహ్నం ఒకే వాక్యంలో దాటేసిన పాఠం. ఇలాంటి పిల్లలు గణితమంటే విరక్తి చెంది, ఇంటర్‌లో ఆ దరిదాపులకు రాకుండా పోవడం చూసినప్పుడు కలిగిన దుఃఖమే నాచేత ఈ ఉత్తరం రాయించింది.

మీ విద్యా పుట మా ఊరి గ్రంథాలయంలో చేతులు మారి చిరిగిపోయేదాకా చదువుతారు. ట్యూషన్‌కు డబ్బు కట్టలేని ఇళ్లలో తల్లిదండ్రులు దాన్ని కత్తిరించి దాచి, పిల్లల చేత చేయిస్తారు. అందుకని నా విన్నపం ఇది. ఇకమీదట బీజీయ సమాసాల తీసివేతపై లెక్క ప్రచురించినప్పుడల్లా, రెండు సమాసాలనూ బ్రాకెట్లలో ఉంచి రాసిన ఆ మొదటి వరుసను చోటు చాలలేదని తొలగించకుండా అచ్చువేయించండి. వీలైతే లెక్క చివర 3 ప్రతిక్షేపించి సరిచూసిన వరుసను కూడా చేర్చండి. తప్పు జవాబు ఇచ్చి, తప్పు ఎక్కడ జరిగిందో కనిపెట్టమని అడిగే లెక్కలు వారానికి ఒకటి వేసినా ఎంతో మేలు జరుగుతుంది. పిల్లలు ఎదుటివాళ్ల తప్పును చాలా ఉత్సాహంగా పట్టుకుంటారు. అలాంటివి ఇరవై లెక్కలు, ఏ తప్పు వెనుక ఏ అపోహ ఉందో వివరాలతో సహా, నా దగ్గర రాసి సిద్ధంగా ఉన్నాయి. మీరు కోరితే ప్రతిఫలమేమీ ఆశించకుండా పంపగలను.

ఆ అమ్మాయి అదే లెక్కను మర్నాడు మళ్లీ చేసుకొచ్చింది. ఈసారి మొదటి వరుసలో బ్రాకెట్లు నీలం సిరాతో వేసి, రెండో బ్రాకెట్టు ముందున్న మైనస్ నుంచి లోపలి మూడు పదాలకూ మూడు సన్నని బాణాలు పెన్సిల్‌తో గీసింది. బాణాలు ఎవరు నేర్పారని అడిగితే, ఎవరూ నేర్పలేదని, ఆ మైనస్ ముగ్గురికీ చెందుతుందని మరచిపోకుండా తనే పెట్టుకున్నానని చెప్పింది. మీ విద్యా పుటలో ఆ వరుసను అచ్చువేసేటప్పుడు ఆ మూడు బాణాలను కూడా వేయించవలసిందిగా ప్రార్థిస్తున్నాను.

భవదీయుడు,
ఒక విశ్రాంత గణితోపాధ్యాయుడు,
తెనాలి